కొసలేని కొండ, మోగలేని గంటలు

(తిరుపతిలో డిగ్రీ విద్యార్థుల ముందు చేసిన ప్రసంగం పాఠం)

అందరికీ నమస్కారం. నన్ను తర్కం మీద మాట్లాడమన్నారు. మధ్యాహ్నం భోజనాలకి ముందు తర్కం ఎవరి తలకెక్కుతుంది? అందుకని భోజనం కథతోనే మొదలుపెడతాను.

చంద్రగిరి కోట మీలో చాలామంది చూసే ఉంటారు. తిరుమలలో స్వామికి నైవేద్యం అయ్యాకే అక్కడ రాయలవారు విస్తరి ముందు కూర్చునేవారని మనవైపు చెప్పుకుంటారు. కొండమీద గంట కొడితే, అది విని కింద ఒక మండపంలో, దాన్ని విని ఇంకో మండపంలో, అలా గంట తర్వాత గంటగా కబురు కోటకి చేరేదట. చిన్నప్పుడు మా అవ్వ ఈ సంగతి చెబితే, "నడిమధ్యలో ఒకడు నిద్రపోతే రాజుకి పస్తేనా అవ్వా?" అని అడిగాను. "నీకన్నీ పనికిరాని అనుమానాలు రా" అంది. ఆ అనుమానాలే తర్వాత నాకు కూడు పెట్టాయి, అది వేరే సంగతి.

ఇప్పుడు ఒక మాయలోకానికి వెళదాం. అక్కడ ఒక కొండ ఉంది. దానికి మొదలుంది గానీ కొసలేదు. మెట్లు ఎక్కుతూనే ఉండాలి. అలిపిరి దారిలో 3,550 మెట్లెక్కితే గోవిందా అని పైకి చేరిపోతాం. అక్కడ ఆ సుఖం లేదు. మెట్ల పక్కన మండపాలు: ఒకటి, రెండు, మూడు... వాటికీ అంతులేదు. ఒక్కో మండపంలో ఒక గంట, ఒక కావలివాడు. ఆ లోకంలో గాలికి ఒక వరముంది. ఎంత దూరంలో గంట మోగినా ఆ క్షణంలోనే వినబడుతుంది. ఆ నేలకి ఒక శాపముంది. రాణిగారి ఆజ్ఞ తప్పినవాడు అక్కడికక్కడే రాయైపోతాడు.

రాణిగారు పొదుపు మనిషి. ఇన్ని గంటలెందుకు, ఒక్కటి చాలదా అనుకుని, అందరికీ ఒకే ఆజ్ఞ వేసింది: "నీ పైనున్న మండపాల్లో ఏ గంటా మోగకపోతేనే నువ్వు మోగించు. ఒక్కటి మోగినా నువ్వు ఊరుకో."

చూడ్డానికి ఎంత బుద్ధిగా ఉందో! మన ఏడుకొండల మీద కొండకో మండపం పెట్టి ఈ ఆజ్ఞ వేస్తే చక్కగా నడుస్తుంది. ఏడోవాడికి పైన ఎవరూ లేరు కాబట్టి మోగిస్తాడు, మిగతా ఆరుగురూ ఊరుకుంటారు, రాణిగారు అన్నం తింటుంది.

కొసలేని కొండమీద ఏమవుతుందో చూడండి. పదో మండపంలో గంట మోగిందనుకుందాం. అంటే పదకొండు నుంచి పైకి అంతా నిశ్శబ్దం. మరి పదకొండోవాడి మాటేమిటి? వాడి పైన కూడా నిశ్శబ్దమే కదా, వాడు మోగించి తీరాలి. మోగిస్తే పదోవాడు రాయి. మోగించకపోతే పదకొండోవాడు రాయి. పది స్థానంలో ఏ అంకె పెట్టినా ఇదే గతి. పోనీ, ఎవడూ మోగించలేదనుకుందామా? అప్పుడు ప్రతివాడి పైనా నిశ్శబ్దమే, ప్రతివాడూ మోగించాల్సిందే. మోగించలేరు, మానలేరు.

ఇదే కథ ఒక క్లాసులో చెబితే వెనక బెంచీ నుంచి ఒకబ్బాయి, "అయితే సార్, అందరూ రాళ్ళయిపోతారా?" అన్నాడు. మంచి ప్రశ్న. ఒకడు ఆజ్ఞ తప్పితే చాలదు. లక్షమంది తప్పినా చాలదు, ఆ లక్షమందికీ పైన మిగిలినవాళ్ళకి మళ్ళీ ఇదే చిక్కు. తప్పేవాళ్ళకి కూడా అంతు ఉండకూడదు. అయితే అందరూ తప్పనక్కర్లేదు. పదికొకడు చొప్పున మోగించారనుకోండి, మోగించిన వాళ్ళంతా రాళ్ళు, పదికి తొమ్మిదిమంది క్షేమం. కొన్ని రాజ్యాలు ఇలాగే నడుస్తాయేమో!

ఇందులో గంటలూ రాణీ నావి. అస్థిపంజరం మాత్రం స్టీఫెన్ యాబ్లో అనే అమెరికన్ తాత్వికుడిది, 1993 నాటిది. దాని మీద నాకెందుకంత మోజో చెబుతాను.

1902 జూన్‌లో బెర్ట్రండ్ రస్సెల్ అనే ఇంగ్లీషు తాత్వికుడు, ఫ్రేగె అనే జర్మన్ తార్కికుడికి ఒక ఉత్తరం రాశాడు. తమలో తాము సభ్యులు కాని సమితులన్నిటి సమితి (సమితి అంటే లెక్కల్లో సెట్) తనలో తాను సభ్యురాలా, కాదా? అవునంటే కాదని తేలుతుంది, కాదంటే అవునని తేలుతుంది. అప్పటికి ఫ్రేగె పుస్తకం రెండో సంపుటం అచ్చులో ఉంది. పునాది కదిలిపోయిందని చివర అనుబంధం రాసుకోవాల్సి వచ్చింది. అప్పటి నుంచి దొంగ దొరికాడన్నారు: తన గురించి తాను చెప్పుకునే మాటే దొంగ, దాన్ని ఊళ్ళోకి రానివ్వకపోతే సరి.

నాకది అన్యాయంగా తోస్తుంది. "ఈ వాక్యంలో అయిదు మాటలు ఉన్నాయి." తన గురించే చెప్పుకుంది, నిజమే చెప్పింది. (సంధి చేసి "మాటలున్నాయి" అన్నారో, అబద్ధమైపోతుంది. తెలుగు మాస్టారు నవ్వుతున్నారు.) అటు కొండమీద చూస్తే ఏ కావలివాడూ తన గంట సంగతి చూసుకోడు, పైవాళ్ళవే చూస్తాడు. అయినా చిక్కుపడ్డారు. ఇందులోనూ చాటుగా ఒక వలయం ఉందని గ్రాహం ప్రీస్ట్ అనే తాత్వికుడు వాదించాడు. నేను ఇంకా ఒప్పుకోలేదు.

మన తార్కికులు ఇలాంటి దోషాలని విడివిడిగా పేర్లు పెట్టి చూశారు. తన మీద తానే ఆధారపడితే ఆత్మాశ్రయం. ఎంత ఆరితేరిన గారడీ కుర్రాడైనా తన భుజం తానెక్కలేడన్న సామెత దానిదే. ఇద్దరు ఒకరిమీద ఒకరైతే అన్యోన్యాశ్రయం. ముగ్గురు, ఆపై అయితే చక్రకం. అంతులేకుండా పోతే అనవస్థ. మన కొండ అనవస్థ.

మిగతావాటికీ మండపాలు కట్టి చూద్దాం. ఒకే మండపం, "నీ గంట మోగకపోతే మోగించు, మోగితే ఊరుకో" అని ఆజ్ఞ: వాడు నిమిషంలో రాయి. రెండు మండపాలు, "అవతలివాడు మోగించకపోతే నువ్వు మోగించు, మోగిస్తే ఊరుకో": ఇద్దరూ క్షేమం, ఒకడు మోగిస్తాడు, ఒకడు ఊరుకుంటాడు. ఎవడు ఏదన్నది మాత్రం ఆజ్ఞలో లేదు. మూడు మండపాలు గుండ్రంగా పెట్టి, పక్కవాడిని చూసి అలాగే నడుచుకోమంటే మళ్ళీ చిక్కే. నాలుగైతే చిక్కు లేదు. బేసికి చేటు, సరికి సుఖం.

ఎలక్ట్రానిక్స్ పిల్లలకి ఇది తెలిసిన సరుకే. ఇన్వర్టరంటే ఇక్కడ ఇంట్లో కరెంటు పోతే వాడేది కాదు, సున్నా ఇస్తే ఒకటి, ఒకటి ఇస్తే సున్నా తిరిగిచ్చే చిన్న సర్క్యూటు. అలాంటి రెండింటిని ఎదురెదురుగా కలిపితే ఒక బిట్‌ని, అంటే ఒక సున్నానో ఒకటినో, పట్టి ఉంచుతాయి. మీ సెల్‌ఫోన్ ప్రాసెసర్‌లోని క్యాష్ మెమరీ అలాంటి జతలతోనే నడుస్తుంది. మూడింటిని చుట్టూ కలిపితే నిలవవు, ఊగుతూనే ఉంటాయి.

ఒంటి మండపం కూడా మీకు తెలిసినదే. పాతకాలం స్కూలు కరెంటు గంట విప్పి చూశారా? కరెంటు పారితే అయస్కాంతం రేకుని లాగుతుంది. రేకు కదిలితే తీగతో అంటు విడిపోయి కరెంటు ఆగుతుంది. ఆగితే స్ప్రింగు రేకుని వెనక్కి తెస్తుంది, మళ్ళీ కరెంటు. కరెంటు ఉంటే కరెంటు ఉండదు, లేకపోతే ఉంటుంది! కాగితం మీద ఇది వైరుధ్యం. ఇనుములో పెడితే ట్రింగుమని మోత. మధ్యలో కాలం దూరింది, అంతే.

కొండకీ అదే పని చేసి చూద్దాం. గాలి వరం తీసేయండి. ప్రతివాడూ ఒక్క క్షణం ముందు విన్నదాన్ని బట్టి నడుచుకుంటాడనుకోండి. మొదట అంతా నిశ్శబ్దం. మరుక్షణం లెక్కలేనన్ని గంటలు ఒక్కసారిగా మోగుతాయి. ఆ మరుక్షణం అందరూ పైమోత విని ఊరుకుంటారు. మళ్ళీ మోత, మళ్ళీ నిశ్శబ్దం. ఎవరూ రాయి కారు, కొండ కొండంతా ఒక స్కూలు గంటైపోతుంది. రాణిగారు ఏ మోతకి ముద్ద నోట్లో పెట్టుకోవాలో, ఏ నిశ్శబ్దానికి చెయ్యి ఆపాలో, అది మీరు భోజనాల దగ్గర తేల్చండి.