కృతజ్ఞతా డైరీ పది రోజులకే ఎందుకు విసుగొస్తుంది?

[తెరపై: డైరీలో ఒక పేజీ. "కుటుంబం, ఆరోగ్యం, ఉద్యోగం." పేజీ తిప్పితే అవే మూడు. ఇంకోటి తిప్పినా అవే.]

రోజూ మంచి విషయాలు రాసుకుందామని మొదలుపెట్టిన డైరీలు చాలావరకు ఇలాగే ఆగిపోతాయి. రాసేవాళ్లలో కృతజ్ఞత లేక కాదు. ఈ మూడూ నిన్నా ఉన్నాయి, మొన్నా ఉన్నాయి. ఇవాళ్టిది అంటూ ఈ పేజీలో ఏమీ లేదు. ఎప్పుడూ ఉండేదాన్ని మనసు పట్టించుకోవడం మానేస్తుంది. జీతం పెరిగినా, కొత్త ఇంట్లోకి మారినా కొన్నాళ్లకే మామూలైపోయేది ఇందుకే. కాబట్టి రాయడానికి ముందే ఒక పని ఉంది: ఇవాళ ఏం జరిగిందో చూడటం. చూడనిదాని గురించి ఏం రాస్తాం?

[తెరపై: 46.9 శాతం]

మాథ్యూ కిల్లింగ్స్‌వర్త్, డేనియల్ గిల్బర్ట్ అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు 2010లో ఒక పరిశోధన ప్రచురించారు. 2,250 మందిని ఫోన్ యాప్ ద్వారా రోజులో ఏదో ఒక వేళ పలకరించి, "ఇప్పుడేం చేస్తున్నారు? మనసు దాని మీదే ఉందా?" అని అడిగారు. 46.9 శాతం సార్లు మనసు అక్కడ లేదు. అలా ఎటో వెళ్లినప్పుడు జనం తక్కువ సంతోషంగా ఉన్నారు. సరదా ఊహల్లోకి వెళ్లినా, చేస్తున్న పనిలో ఉన్నప్పటికంటే అదనంగా దక్కిన సంతోషమేమీ కనబడలేదు.

[తెరపై: మంచం అంచున కూర్చున్న మనిషి. పాదాలు నేల మీద. పక్కన బోర్లించిన ఫోన్.]

పొద్దున పని రెండు నిమిషాలే. ఫోన్ ముట్టకముందే లేచి కూర్చోండి. పాదాలు నేలకు ఆనించండి. చుట్టూ వినిపించే ఒక శబ్దం, ఒంటికి తగిలే ఒక స్పర్శ, గదిలో వెలుగు పడుతున్న ఒక చోటు, ఈ మూడింటినీ ఒక్కొక్కటిగా గమనించండి. తర్వాత మామూలుగా పది శ్వాసలు లెక్కపెట్టండి. మధ్యలో లెక్క తప్పితే మళ్లీ ఒకటి నుంచి.

"మామూలుగా" అన్నది గుర్తుంచుకోండి. చాలామంది బలవంతంగా గుండెల నిండా పీలుస్తారు. అవసరానికి మించి వేగంగా, లోతుగా పీలిస్తే రక్తంలో కార్బన్ డయాక్సైడ్ తగ్గి తల తిరుగుతుంది. కొందరికి అసలు శ్వాస మీద దృష్టి పెడితేనే కంగారు పెరుగుతుంది. అలాంటప్పుడు కళ్లు తెరిచే ఉంచి, అరికాళ్ల మీదో శబ్దం మీదో దృష్టి పెడితే సరిపోతుంది. ఇంకో మాట: నిద్ర లేచిన మొదటి అరగంట వరకూ బుర్ర మొద్దుగా ఉండటం సహజం. ఆ సమయంలో మనసు పులకించాలని ఎదురుచూడకండి. పులకింత రాలేదని చాలామంది మూడో రోజుకే మానేస్తారు.

మంచం మీంచి లేచేముందు ఒక పని ఎంచుకోండి: మెట్లెక్కడం, గిన్నెలు కడగడం, తలుపు తాళం తీయడం, ఏదైనా సరే. "తాళం చేతిలోకి తీసుకోగానే ఒక్క క్షణం ఆగి చుట్టూ చూస్తాను" అని, ఎప్పుడు ఏం చేస్తారో ముందే అనుకోండి. "ఇవాళంతా ఎరుకతో ఉంటాను" అనే సంకల్పం మధ్యాహ్నానికి మిగలదు. వారమంతా అదే పని, మార్చకండి.

[తెరపై: రాత్రి. డైరీ, పెన్ను. 10 నిమిషాల టైమర్.]

అసలు పని రాత్రిది.

మార్టిన్ సెలిగ్మన్ బృందం 2005లో ప్రచురించిన ప్రయోగంలో, పాల్గొన్నవాళ్లు వారం పాటు ప్రతి రాత్రీ ఆ రోజు బాగా జరిగిన మూడు సంగతులు రాశారు. ఒక్కొక్కటీ ఎందుకు జరిగిందో కూడా రాశారు. దాని ప్రభావం ఆరు నెలల తర్వాత కూడా కనిపించింది, ముఖ్యంగా వారం అయిపోయాక కూడా సొంతంగా కొనసాగించిన వాళ్లలో. ఇంట్లో మనం చేసేటప్పుడు వదిలేసేది సరిగ్గా ఆ "ఎందుకు" అనేదాన్నే.

[తెరపై: పైన ఒక వాక్యం, కింద ఒక వాక్యం.]

పైన: "సహోద్యోగులు మంచివాళ్లు."

కింద: "మీటింగ్‌లో నా మాటకు అడ్డొస్తే, పక్క సీటు ఆయన 'ఆమెను పూర్తి చేయనివ్వండి' అన్నారు. ఎందుకు? నిన్న ఆ లెక్కలు ఇద్దరం కలిసి చూశాం, నేను చెప్పబోయేది ఆయనకు తెలుసు."

పై వాక్యం ఏ రోజైనా రాయొచ్చు. కిందిది ఆ ఒక్క రోజే రాయగలం. ఎందుకని అడిగినప్పుడే అందులో ఒక మనిషి, ఆ మనిషి చేసిన పని బయటపడతాయి. మీ లైనును నిన్నటి పేజీలో పెట్టినా అతికిపోతుంటే కొట్టేసి మళ్లీ రాయండి. మూడు దొరక్కపోతే ఒకటి చాలు. లెక్క కోసం ఇరికించిన మూడోదే విసుగు తెస్తుంది.

ఎన్నాళ్లు, ఎన్నిసార్లు? ఇక్కడ ఫలితాలు ఒకేలా లేవు. రాబర్ట్ ఎమ్మన్స్, మైకేల్ మెకల్లా 2003లో ప్రచురించిన ప్రయోగాల్లో వారానికోసారి పది వారాలు రాసినవాళ్లకూ, దాదాపు రెండు వారాలు రోజూ రాసినవాళ్లకూ మేలు కనిపించింది. సోన్యా ల్యుబోమిర్స్కీ బృందం ఆరు వారాలు చూసినప్పుడు మాత్రం వారానికి ఒక్కసారి రాసినవాళ్లకే సంతోషం పెరిగింది, మూడుసార్లు రాసినవాళ్లకు పెరగలేదు. మా సలహా: మొదటి రెండు వారాలు రోజూ రాయండి, చూడటం అలవాటు కావడానికి. తర్వాత వారానికి ఒక రాత్రి. ఒక రోజు తప్పితే మొదటికొచ్చినట్టు కాదు. అలవాట్ల మీద జరిగిన పరిశోధనలోనూ, ఒక్కరోజు మానితే పెద్ద తేడా రాలేదని తేలింది.

అయినా పేజీలు చప్పబడితే ఎదురు దారిలో రండి. ఒక మంచి సంగతి తీసుకుని, అది జరగకుండా ఎలా పోయేదో నాలుగైదు లైన్లు రాయండి. ఆ స్నేహితురాలు ఆ రోజు వేరే వరసలో కూర్చుని ఉంటే? ఆ ఫోన్ నేను ఎత్తకపోయి ఉంటే? మామూలైపోయిన సంగతి మళ్లీ కొత్తగా కనిపిస్తుంది. పోయినవాళ్ల విషయంలో, ఇంకా పచ్చిగా ఉన్న గాయాల విషయంలో మాత్రం దీని జోలికి వెళ్లకండి.

[తెరపై: నల్లటి పేజీ. "బాగాలేని రోజు."]

బాగాలేని రోజున ముందు బాగాలేనిదే రాయండి, రెండు లైన్లు, ఉన్నదున్నట్టు. దాని మీద కృతజ్ఞత పూత పూయాలని చూస్తే డైరీ అబద్ధాల పుస్తకమవుతుంది. "నాకంటే కష్టాల్లో ఉన్నవాళ్లు లేరా" అనుకోవడం కూడా కృతజ్ఞత కాదు, పోలిక. హింసించే మనిషికి థాంక్స్ చెప్పుకుంటూ సర్దుకుపోవడం అంతకన్నా కాదు. రెండు వారాలకు పైగా రోజంతా దిగులుగా ఉంటే, దేని మీదా ఆసక్తి లేకపోతే డాక్టర్‌ను కలవండి. డిప్రెషన్ లక్షణాల మీద ఈ సాధనల ప్రభావం చిన్నదేనని పరిశోధనలు కలిపి చూసినవాళ్లు తేల్చారు.

[తెరపై: ఉత్తరం. మూడు చోట్ల గీతలు.]

నెలకోసారి, డైరీలో ఎక్కువసార్లు కనిపించిన మనిషికి ఒక ఉత్తరమో మెసేజో రాయండి. ఏం చేశారు, ఎప్పుడు చేశారు, దానివల్ల మీకు ఏం మారింది, ఈ మూడూ ఉంటే చాలు. అందుకున్నవాళ్లకు ఇబ్బందిగా ఉంటుందేమోనన్న జంకు పంపేవాళ్లకు ఎక్కువ. అమిత్ కుమార్, నికొలస్ ఎప్లీ 2018లో ప్రచురించిన పరిశోధనలో, అందుకున్నవాళ్లు పంపినవాళ్లు ఊహించినంత ఇబ్బంది పడలేదు, ఊహించినదానికన్నా ఎక్కువ సంతోషించారు. పంపేముందు ఒకసారి చదివి, "మీ రుణం ఎలా తీర్చుకోవాలో" లాంటి వాక్యాలుంటే తీసేయండి. అవి చదివినవాళ్లు మిమ్మల్ని ఓదార్చాల్సి వస్తుంది. చివర్లో ఏ సాయమూ అడగకండి. సాయం కావాలంటే ఇంకో రోజు, ఇంకో మెసేజ్.