విశాఖలో మీ స్థలం కబ్జా అయితే ఏ దావా వేయాలి?

నమస్కారం. మధురవాడ, కొమ్మాది, పెందుర్తి వైపు ఎప్పుడో ఒక స్థలం కొనుక్కుని, ఉద్యోగం కోసం హైదరాబాదో బెంగళూరో వెళ్ళిపోయిన వాళ్ళు మనలో చాలామంది ఉన్నారు. పండక్కి వచ్చి చూసుకుంటే చుట్టూ ప్రహరీ, లోపల రేకుల షెడ్డు, గేటుకి ఎవరిదో తాళం. స్టేషన్‌కి వెళ్తే "ఇది సివిల్ మేటర్ అండి, కోర్టుకి వెళ్ళండి" అంటారు. ఈ వీడియో వాళ్ళ కోసమే.

కోర్టుకి వెళ్ళగానే చాలామంది వేసేది ఉత్త ఇంజంక్షన్ దావా, అంటే అవతలివాడు జోక్యం చేసుకోకుండా ఆపమని అడిగే దావా. నాకు బాధ కలిగేది ఇక్కడే. ఇంజంక్షన్ స్వాధీనంలో ఉన్నవాళ్ళని కాపాడడానికి. గేటు తాళం అవతలివాడి చేతిలో ఉంటే మీరు స్వాధీనంలో లేనట్టే కదా! అనతుల సుధాకర్, బుచ్చిరెడ్డి కేసులో 2008లో సుప్రీంకోర్టు దీన్ని స్పష్టంగా చెప్పింది. స్వాధీనం పోతే స్వాధీనం ఇప్పించమని అడగాలి, హక్కు మీదే వివాదం ఉంటే హక్కు ప్రకటించమని కూడా అడగాలి. అంటే డిక్లరేషన్, రికవరీ ఆఫ్ పొసెషన్ రెండూ కలిపి వేయాలి. మరి ఇంజంక్షన్‌కే ఎందుకు వెళ్తారు? ఫీజు తక్కువ కాబట్టి. స్వాధీనం దావాకి మన రాష్ట్రంలో మార్కెట్ విలువలో నాలుగింట మూడు వంతుల మీద కోర్టు ఫీజు లెక్కిస్తారు. విశాఖ రేట్లకి అది భారమే, కాదనను. కానీ ఆ డబ్బు మిగుల్చుకోబోయి ఏళ్ళ తరబడి తిరిగాక దావా కొట్టేస్తే నష్టం అంతకంటే పెద్దది.

ఇప్పుడు గడువులు. మిమ్మల్ని బలవంతంగా ఖాళీ చేయించి ఆరు నెలలు దాటకపోతే, స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం సెక్షన్ 6 కింద దావా వేయొచ్చు. అందులో హక్కు నిరూపించక్కర్లేదు, మీరు స్వాధీనంలో ఉండేవారని, చట్టప్రకారం కాకుండా తీసేశారని చూపిస్తే చాలు. ప్రభుత్వం మీద మాత్రం ఈ సెక్షన్ పనికిరాదు. ఆరు నెలలు దాటిందా, హక్కు ఆధారంగా దావా వేయాలి. దానికి గడువు 12 ఏళ్ళు, అవతలివాడి అనుభవం మీకు వ్యతిరేకంగా మారిన రోజు నుంచి, అంటే మీ హక్కుని కాదని స్థలం తనదేనన్నట్టు పట్టుకున్న రోజు నుంచి. ఆ 12 ఏళ్ళు గడిచిపోతే దావాల గడువులు చెప్పే లిమిటేషన్ చట్టం సెక్షన్ 27 ప్రకారం మీ హక్కే పోతుంది. అందుకే ఆక్రమణ ఎప్పుడు తెలిసింది, కరెంటు మీటరు ఎప్పుడు పెట్టించాడు, పన్ను ఎవరి పేరున కడుతున్నారు, వీటికి కాగితాలు ఇవాళే సంపాదించండి. మీరే పెట్టిన వాచ్‌మన్ ఎన్నేళ్ళున్నా, మీ అనుమతితో ఉన్నంతకాలం యజమాని అయిపోడు. ఆ విషయంలో టెన్షన్ పడకండి.

దావా వేసేముందు మీ దస్తావేజులో షెడ్యూల్ పేజీ, అంటే స్థలం కొలతలు, నాలుగు హద్దులు రాసిన పేజీ తీసి నిదానంగా చదవండి. తూర్పున ఫలానా వారి ఖాళీ స్థలం అని ఉంటుంది. ఇప్పుడక్కడ అపార్ట్‌మెంట్ ఉంటుంది. పడమర లేఅవుట్ రోడ్డు 30 అడుగులని రాసుంటే నేల మీద 20 కూడా మిగలదు. సర్వే నంబరు సబ్‌డివిజన్ అయ్యుంటుంది. పైగా మన జిల్లాలో 2014 హుద్‌హుద్ తుఫాను తర్వాత భూమి రికార్డులు గల్లంతయ్యాయన్న మాట బాగా వినపడింది, 2017లో ప్రభుత్వం సిట్ (ప్రత్యేక దర్యాప్తు బృందం) కూడా వేసింది. కాబట్టి అడంగల్ (భూమి ఎవరి సాగులో ఉందో చూపే రెవెన్యూ రికార్డు) ఒక్కటే పట్టుకుని వెళ్ళకండి. రెవెన్యూ రికార్డు హక్కు పత్రం కాదని కోర్టులు చాలాసార్లు చెప్పాయి. లింకు దస్తావేజులు (మీకు ముందు యజమానుల పాత దస్తావేజులు), ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్ల జాబితా), ఎఫ్‌ఎంబీ (సర్వే నంబరు కొలతల పటం), లేఅవుట్ ప్లాను అన్నీ కావాలి. హద్దుల దగ్గర తేడా వస్తే సర్వేయర్ సాయంతో కొలిపించడానికి అడ్వకేట్ కమిషనర్‌ని (కోర్టు తరఫున స్థలం చూసి నివేదిక ఇచ్చే లాయరుని) వేయమని పిటిషన్ పెట్టుకోవచ్చు. అవతలివాడి దస్తావేజు లోపాలు ఎన్ని చూపించినా, గెలవాల్సింది మీ కాగితాల బలం మీదే.

డిక్రీ, అంటే కోర్టు తీర్పు ఉత్తర్వు, వచ్చాక కూడా స్థలం దానంతటదే చేతికి రాదు. ఈపీ (డిక్రీ అమలు చేయించమని అడిగే పిటిషన్) వేయాలి, దానికీ 12 ఏళ్ళే గడువు. ఈపీలను ఆరు నెలల్లో తేల్చాలని 2021లో సుప్రీంకోర్టు ఆదేశించింది, మీ లాయరుగారికి అది గుర్తు చేయండి. కోర్టు అమీనా వచ్చి స్థలం అప్పగించేది డిక్రీలో ఉన్న షెడ్యూల్ చూసే. అక్కడి హద్దులు నేలతో కలవకపోతే మళ్ళీ అభ్యంతరాలు, మళ్ళీ వాయిదాలు. అందుకే దావా కాగితం మీద సంతకం పెట్టేముందే ఆ నాలుగు హద్దులూ స్థలంలో నిలబడి సరిచూసుకోండి.