డేవిడ్ సైమన్ సిరీస్‌లు ఎందుకు చూడాలి?

అందరికీ నమస్కారం. ఈరోజు ఒక్క సిరీస్ గురించి కాకుండా, ఒక మనిషి రాసినవాటి గురించి మాట్లాడతాను. ఆయన పేరు డేవిడ్ సైమన్. అమెరికాలోని బాల్టిమోర్ నగరంలో పోలీసుల, డ్రగ్స్ అమ్మేవాళ్ల చుట్టూ నడిచే 'ది వైర్' సిరీస్ సృష్టికర్త.

మనలో చాలామంది 'సీఐడీ' చూస్తూ పెరిగాం. మొదట్లో శవం, చివర్లో హంతకుడు. 'ది వైర్' పెట్టినప్పుడు నేనూ అలాగే ఉంటుందనుకున్నాను. ఎవరు ఎవరో తెలియక, మూడో ఎపిసోడ్ దగ్గర ఆపేశాను. ఏడాది తర్వాత మళ్లీ మొదలుపెట్టాను. ఇప్పుడు నన్నడిగితే, టీవీలో నేను చూసిన క్రైమ్ కథల్లో దీన్ని మించింది లేదు.

సైమన్ 1982 నుంచి 1995 దాకా 'బాల్టిమోర్ సన్' పత్రికలో పోలీసు వార్తలు రాసిన రిపోర్టర్. 1988లో సెలవు పెట్టి, ఏడాది పాటు హత్య కేసులు చూసే డిటెక్టివ్‌ల వెంటే తిరిగాడు. దాని మీద 1991లో పుస్తకం రాశాడు. దాని ఆధారంగానే అమెరికా టీవీ చానల్ ఎన్‌బీసీలో 'హోమిసైడ్' సిరీస్ వచ్చింది. 1993 నుంచి 1999 దాకా ఏడు సీజన్లు నడిచింది. అందులో డేవిడ్ మిల్స్‌తో కలిసి సైమన్ ఒక ఎపిసోడ్ రాశాడు. ఊరు చూడ్డానికి వచ్చిన కుటుంబంలో తల్లిని కాల్చి చంపేస్తారు. భర్తగా రాబిన్ విలియమ్స్ వేశాడు. ఈ కేసుతో ఓవర్‌టైమ్ ఎంత వస్తుందో డిటెక్టివ్‌లు సరదాగా లెక్కలేసుకుంటుంటే, ఆ భర్త చెవిన పడుతుంది. అప్పుడు ఆయన ముఖం చూడండి. ఇలాంటివి కుర్చీలో కూర్చుని ఊహిస్తే రావు, ఆ గదిలో నెలల తరబడి గడిపిన మనిషికే తడతాయి.

ఇక 'ది వైర్'. 2002 నుంచి 2008 దాకా, హెచ్‌బీఓ చానల్లో, ఐదు సీజన్లు, 60 ఎపిసోడ్లు. సైమన్‌తో కలిసి దీన్ని మలిచిన ఎడ్ బర్న్స్ బాల్టిమోర్ పోలీసు డిటెక్టివ్‌గా పనిచేసి, ఆ తర్వాత బడిలో టీచరయ్యాడు. ఆ రెండు ఉద్యోగాలూ ఈ కథలో కనిపిస్తాయి. మొదటి సీజన్‌లో డ్రగ్స్ అమ్మే కుర్రాళ్లు పేజర్లలో (సెల్‌ఫోన్లకు ముందు నంబర్లు అందుకోవడానికి వాడిన చిన్న పరికరాలు) తప్పుడు నంబర్లు పంపుకుంటుంటారు. ప్రెజ్ అనే పోలీసు ఫోన్ మీది అంకెల్ని చూస్తూ చూస్తూ కిటుకు పట్టేస్తాడు. నడిమధ్యలో ఉన్న 5ను దాటి అవతలికి దూకాలి. 1 అంటే 9, 2 అంటే 8. ఐదుకు మాత్రం సున్నా. అంతే. చదువు అంతగా లేని పిల్లలు కూడా తప్పు లేకుండా వాడే కోడ్ అది.

అదే ప్రెజ్ నాలుగో సీజన్‌లో లెక్కల మాస్టారవుతాడు. పాఠం ఎక్కని పిల్లలకు పాచికలతో సంభావ్యత చెబుతాడు. పద్నాలుగేళ్లు కూడా నిండని నలుగురు కుర్రాళ్లను బడి ఒకవైపు, వీధి ఒకవైపు లాగుతుంటే చూడటం చాలా కష్టం. ఈ సీజన్ తలుచుకుంటే ఇప్పటికీ నాకు మనసు బరువెక్కుతుంది.

రెండో సీజన్‌లో కథ ఓడరేవుకు వెళ్తుంది. కొత్త ముఖాలని చిరాకుపడి వదిలేయకండి. పని దొరక్క కుంగిపోతున్న రేవు కార్మికుల బాధ అందులో చాలా బాగా పట్టుకున్నాడు. ఐదో సీజన్ మాత్రం నాకు తక్కువనిపించింది. లేని సీరియల్ కిల్లర్‌ను పోలీసే సృష్టించడం నమ్మేలా లేదు. పైగా కథ తను పనిచేసిన పత్రిక దగ్గరికొచ్చేసరికి, పైఅధికారుల మీద కోపం సైమన్ చేయి పట్టి రాయించినట్టుంది. డ్రగ్స్ అమ్మేవాళ్లను కూడా అంత ఓపికగా అర్థం చేసుకున్న రచయిత, ఇక్కడ ఆ ఓపిక చూపలేదు.

ఇంత చేసినా 'ది వైర్'కు అమెరికా టీవీ రంగంలో పెద్ద అవార్డయిన ఎమ్మీ ఒక్కటి కూడా రాలేదు. 2022లో 'వీ ఓన్ దిస్ సిటీ'తో ఆయన మళ్లీ బాల్టిమోర్‌కే వెళ్లాడు. ప్రజల డబ్బు దోచుకున్న పోలీసు బృందం నిజ కథ అది, ఆరే ఎపిసోడ్లు. టైమ్ తక్కువుంటే అదైనా చూడండి.

'ది వైర్' మొదలుపెడితే సబ్‌టైటిల్స్ పెట్టుకోండి, ఆ వీధి యాస వెంటనే అందదు. నాలుగో ఎపిసోడ్ దాకా ఆగండి. ఇద్దరు డిటెక్టివ్‌లు ఒక పాత హత్య జరిగిన వంటింట్లోకి వెళ్తారు. ఫొటోలు నేల మీద పరుస్తారు, టేపుతో కొలుస్తారు. ఆ సీన్ అంతా ఇద్దరి నోటా ఒకే ఒక్క బూతు మాట తప్ప ఇంకేం రాదు. కిటికీ అద్దంలోంచి తూటా వచ్చిన దారి వాళ్లతో పాటు మనమూ వెతుకుతాం. చివరికి ఫ్రిజ్ తలుపులోంచి ఆ తూటాను పెకిలించి తీస్తారు. మొదటిసారి నేను ఆపేసింది దీనికి సరిగ్గా ఒక్క ఎపిసోడ్ ముందు.