పుస్తకం మాయం, చక్రవర్తి ప్రత్యక్షం: చర్చా కార్యక్రమం పూర్తి పాఠం

(స్టూడియోలో ముగ్గురు: చరిత్ర లెక్చరర్, రాజకీయ విశ్లేషకుడు, చైనాలో మెడిసిన్ చదివొచ్చిన డాక్టర్. అందరూ ఒకేసారి మాట్లాడిన చోట వినపడినంతవరకే రాశాం.)

మోడరేటర్: నమస్కారం. 2023 అక్టోబర్‌లో చైనాలో ఒక చరిత్ర పుస్తకాన్ని షాపుల్లోంచి వెనక్కి తీసుకున్నారు. మింగ్ వంశపు చివరి చక్రవర్తి చోంగ్‌జెన్ గురించిన పుస్తకం. ప్రింటింగ్‌లో లోపం అని చెప్పారు. జనం మాత్రం అది షీ జిన్‌పింగ్‌కి తగిలేలా ఉందనే తీసేశారని అనుకున్నారు. సూటిగా అడుగుతున్నా. చైనాలో చక్రవర్తి పోయాడా, ఉన్నాడా? అందరికీ సమానంగా టైమిస్తా. మేడం, మీరు చెప్పండి.

లెక్చరర్: ముందు చోంగ్‌జెన్ సంగతి చెప్పాలండి. 1627లో గద్దెనెక్కాడు. సోమరి కాదు, బాగా కష్టపడేవాడు. కానీ అనుమానం మనిషి. పదిహేడేళ్లలో యాభై మంది దాకా పెద్ద మంత్రుల్ని మార్చాడు. ఈశాన్యం నుంచి దండెత్తిన మంచూలను నిలువరించిన సేనాపతి యువాన్ చోంగ్‌హువాన్‌ని 1630లో తనే చంపించాడు. ఖర్చు తగ్గించాలని సర్కారీ తపాలా ఠాణాలు చాలావాటిని ఎత్తేశాడు. అక్కడ కొలువు పోయినవాళ్లలో లీ జిచెంగ్ ఒకడంటారు. ఆ లీ జిచెంగే తిరుగుబాటు లేవదీసి...

విశ్లేషకుడు: 1644లో బీజింగ్ పట్టుకున్నాడు. అది అందరికీ తెలిసిందే మేడం. అసలు పాయింట్...

లెక్చరర్: నన్ను పూర్తి చెయ్యనివ్వండి.

విశ్లేషకుడు: ఒక్క నిమిషం. క్రీస్తుపూర్వం 221లో మొదటి చక్రవర్తి చిన్ షీ హువాంగ్ ఏం చేశాడు? లిపి ఒకటి చేశాడు, తూనికలు ఒకటి చేశాడు, బండి ఇరుసు కొలత కూడా ఒకటే అన్నాడు! చక్రవర్తి లేకపోతే చైనా లేదు.

(ఒక్క నిమిషం అన్నవారు ఆపకుండా చాలాసేపు మాట్లాడారు. ఇరుసు సంగతి మూడుసార్లు వచ్చింది.)

లెక్చరర్: చక్రవర్తులు ఉండగానే ముక్కలైంది కదండీ. క్రీస్తుశకం 220లో హాన్ వంశం పోయాక, 589లో సుయ్ వంశం కలిపేదాకా, మధ్యలో కొన్నేళ్లు తప్ప...

విశ్లేషకుడు: కలిపిందెవరు? చక్రవర్తే!

మోడరేటర్: అంటే సార్, ఇప్పుడు షీ జిన్‌పింగ్ కూడా...

డాక్టర్: నాకూ ఒక మాట. నేను బీజింగ్ వెళ్లినప్పుడు చూశానండి. చక్రవర్తుల కోట వెనక గేటు దాటితే ఎదురుగా జింగ్‌షాన్ గుట్ట. బీజింగ్ చేజారినప్పుడు చోంగ్‌జెన్ ఉరేసుకున్న చోటు అని బోర్డు, పక్కన ఒక చెట్టు. అసలు చెట్టు ఎప్పుడో పోయింది, ఇది తర్వాత నాటింది. అయినా దానికి ఆనుకుని ఫొటోలు దిగుతున్నారు.

మోడరేటర్: ఆ జనం మొహాల్లో భయం కనిపించిందా?

డాక్టర్: భయమేంటండీ, ఎండగా ఉంది, ఐస్‌పుల్లలు తింటున్నారు.

లెక్చరర్: ఆ ఉరి వెనక ఒక నమ్మకం ఉంది. రాజ్యం ఆకాశం అప్పగించింది. వరదలొచ్చినా కరువొచ్చినా ఆకాశం ఆ మాట వెనక్కి తీసుకుందని అర్థం. అందుకే ఒకప్పుడు బిచ్చమెత్తుకున్న జూ యువాన్‌జాంగ్ 1368లో మింగ్ వంశం స్థాపించగలిగాడు. అదే వంశంలో హై రుయ్ అనే అధికారి ముందు శవపేటిక కొనుక్కుని, తర్వాత చక్రవర్తిని తప్పుపడుతూ అర్జీ పంపాడు.

విశ్లేషకుడు: చంపారా? లేదే! అంటే వ్యవస్థ పనిచేసిందనేగా.

లెక్చరర్: జైల్లో పెట్టారు. చక్రవర్తి పోయాడు కాబట్టి బయటికొచ్చాడండీ!

(ఇద్దరూ ఒకేసారి. వినపడలేదు.)

మోడరేటర్: మన తెలుగువాళ్లకి వీళ్లతో ఏమైనా లింకుందా?

లెక్చరర్: ఉంది. నన్నయకు ఆశ్రయమిచ్చిన రాజరాజ నరేంద్రుడి కొడుకే కులోత్తుంగ చోళుడు. ఆయన ఏలుతుండగా 1077లో చైనాలో సోంగ్ వంశపు చక్రవర్తి దగ్గరికి చోళ రాజ్యం నుంచి 72 మంది రాయబారులు వెళ్లారు.

విశ్లేషకుడు: కప్పం కట్టాడన్నమాట! తెలుగువాడు కూడా ఒప్పుకున్నాడు!

లెక్చరర్: కప్పమని వాళ్లు రాసుకున్నారు. బదులుగా 81,800 దండల రాగి నాణేలు ఇచ్చి పంపారు. అది వ్యాపారం సార్.

(కులోత్తుంగుడు తెలుగువాడా, తమిళుడా అన్న దాని మీద కాసేపు గడిచింది. చైనా ఊసే లేదు.)

మోడరేటర్: మళ్లీ నా ప్రశ్నకే వస్తా. 2018లో అధ్యక్షుడు రెండుసార్లకు మించి ఉండకూడదన్న నిబంధన తీసేశారు. అనుకూలం 2,958, వ్యతిరేకం 2. ఇది చక్రవర్తి కాదా?

లెక్చరర్: కొడుక్కి గద్దె రాదు, ఆకాశం మాట లేదు. పైగా అక్కడ ఆ పేరంటేనే తిట్టు. చైనా చివరి చక్రవర్తి పుయీ 1912 ఫిబ్రవరి 12న, ఆరేళ్ల వయసులో దిగిపోయాడు. ఆ తర్వాత అధ్యక్షుడైన యువాన్ షీకాయ్ నేనే చక్రవర్తినన్నాడు, 83 రోజులకే వదులుకున్నాడు. కాబట్టి...

విశ్లేషకుడు: వదులుకున్నాక ఏమైంది? సైన్యాధిపతులు దేశాన్ని పంచుకున్నారు! నేను మొదట్నుంచీ చెప్తున్నది అదే. బండి ఇరుసు...

డాక్టర్: మళ్లీ ఇరుసా?

మోడరేటర్: టైమ్ అయిపోయింది. సార్, మీరు ముగించండి.

విశ్లేషకుడు: బలమైన చెయ్యి ఉన్నప్పుడల్లా చైనా ఒక్కటిగా ఉంది. పేరేదైనా పెట్టుకోండి.

మోడరేటర్: అంటే ముగ్గురూ ఒప్పుకున్నట్టే, చైనాలో చక్రవర్తి ఇంకా ఉన్నాడు.

లెక్చరర్: నేనెక్కడ ఒప్పుకున్నానండీ?

విశ్లేషకుడు: ఇందాక సుయ్ వంశం అన్నప్పుడే ఒప్పుకున్నారు మేడం.

(లెక్చరర్ ఏదో అంటున్నారు. టైటిల్ మ్యూజిక్ వచ్చేసింది.)