మన తాతముత్తాతల పేర్లు ఆన్‌లైన్‌లో ఎక్కడ దొరుకుతాయి? నా రివ్యూ

నమస్తే అందరికీ. వరంగల్ నుంచి మాట్లాడుతున్నా. వంశవృక్షం గీయాలని చాలామందికి ఉంటుంది. ఫోన్‌లో ఏదో ఫ్యామిలీ ట్రీ యాప్ వేసుకుంటారు, నాలుగు పేర్లు నింపుతారు, అక్కడే ఆగిపోతారు. వరంగల్, కరీంనగర్, ఆదిలాబాద్ వైపు మామూలు కుటుంబాలకు ఏ సైట్ నిజంగా పనికొస్తుందో ఈ వీడియోలో చెప్తా. నా అభిప్రాయం ముందే చెప్పేస్తున్నా: యాప్ సంగతి తర్వాత, ముందు పాత ఓటరు జాబితా తెరవండి.

అందరూ అడిగేది ఫ్యామిలీసెర్చ్ గురించి కాబట్టి దాంతో మొదలుపెడదాం. అమెరికాలోని మోర్మన్ చర్చి నడుపుతుంది, పూర్తిగా ఉచితం. ఇండియా విభాగంలో పేరున్నది హరిద్వార్ పండాల వహీల సేకరణ, అంటే అక్కడి తీర్థ పురోహితులు యాత్రికుల వంశాల వివరాలు రాసుకున్న పుస్తకాలు. అందులో ఎక్కువగా ఉత్తరాది యాత్రికుల కుటుంబాలే. మా ఇంటిపేరు కొడితే మాకు సంబంధించినవాళ్లు ఒక్కరూ రాలేదు. వెతకడానికి మనకు అంతగా ఉపయోగపడదు గానీ, చెట్టు గీసి దాచుకోవడానికి బాగుంటుంది. ఒక్క జాగ్రత్త. బతికున్నవాళ్ల వివరాలు బయటివాళ్లకు కనపడవు, చనిపోయినవాళ్లవి మాత్రం అందరికీ కనపడతాయి, ఎవరైనా మార్చేయొచ్చు కూడా. ఇంటి విషయాలు బయట పెట్టడం ఇష్టం లేకపోతే గ్రాంప్స్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్ మీ కంప్యూటర్‌లో వేసుకోండి.

ఇక నాకు అన్నిటికంటే నచ్చింది 2002 ఓటరు జాబితా. తెలంగాణ ప్రధాన ఎన్నికల అధికారి వెబ్‌సైట్‌లో ఉంటుంది. ఎందుకంత విలువంటే, అప్పటికి డెబ్బై ఏళ్లున్న తాత పేరు పక్కనే ఆయన తండ్రి పేరు ఉంటుంది. తాత పుట్టింది 1932 ప్రాంతంలో అనుకుంటే, ఆ తండ్రి 1900, 1910 మధ్య పుట్టినవాడై ఉంటాడు. ఒక్క లైన్‌తో నిజాం కాలం మనిషి దగ్గరికి వెళ్లిపోతాం. అదీ తెలుగులో, ఊరి పేరుతో, ఇంటి నంబరుతో.

మా ఊరి పేజీ చూడండి. ఒకే ఇంటి నంబరు కింద మా పెద్దబాపు, పెద్దమ్మ, చిన్నాయన, చివర్లో నాయనమ్మ. పక్క ఇంటి నంబరులో అదే ఇంటిపేరు, తండ్రి పేరు కూడా మా తాత తండ్రిదే. అంటే మా తాతకు ఇంకో అన్నదమ్ముడు ఉన్నాడన్నమాట. ఇంట్లో అడిగితే, ఆస్తి పాలు పంచుకున్నప్పుడు మాటలు లేకుండా పోయాయని అప్పుడు చెప్పారు.

రెండు మూడు చిక్కులున్నాయి. పేరు టైప్ చేస్తే దొరక్కపోవచ్చు, పేజీలు తిప్పాల్సి రావచ్చు. వయసులు అందాజాగా రాయించినవే ఎక్కువ, అటూ ఇటూ ఐదేళ్లు అనుకోండి. అన్నిటికంటే ముఖ్యం, నియోజకవర్గం పేరు. 2008 పునర్విభజనకు ముందు లెక్క అది. ఇప్పుడు భూపాలపల్లి నియోజకవర్గం అంటున్నాం కదా, అప్పుడు అది లేదు, శాయంపేట ఉండేది. హన్మకొండ, చేర్యాల కూడా అప్పుడు విడిగా నియోజకవర్గాలే. భీవండి, షోలాపూర్ వలస వెళ్లిన సాంచాల (మరమగ్గాల) వాళ్లయితే ఊరి జాబితాలో లేకపోవచ్చు, మహారాష్ట్ర జాబితా కూడా చూడండి.

పెళ్లయిన ఆడవాళ్ల పేరు పక్కన భర్త పేరే ఉంటుంది, తండ్రి పేరు ఉండదు. అందుకే నాయనమ్మ, అమ్మమ్మ ఉన్నవాళ్లు ఈ రోజే వాళ్ల తల్లిగారి ఊరు, అన్నదమ్ముల పేర్లు అడిగి రాసుకోండి. అవి తెలిస్తే ఆ ఊరి జాబితా తెరవొచ్చు. అవి లేకపోతే సగం వంశం పోయినట్టే, ఏ సైటూ తెచ్చివ్వదు.

తర్వాత భూమి కాగితాలు. ధరణి స్థానంలో 2025 ఏప్రిల్‌లో వచ్చిన భూభారతి పోర్టల్‌లో సర్వే నంబరు, ఖాతా చూసుకోవచ్చు గానీ పాత తరాల కోసం దాన్ని నమ్ముకోవద్దు. మీకు కావాల్సింది 1954-55 ఖాస్రా పహాణీ, అంటే ఏ సర్వే నంబరు ఎవరిదో రాసిన పాత రెవెన్యూ రికార్డు. ఆన్‌లైన్‌లో సర్వే నంబరు పట్టుకుని, తహసీల్దార్ ఆఫీసులో నకలుకు దరఖాస్తు పెట్టండి. పట్టాదారు పేరు, కబ్జాలో ఉన్నవాళ్ల పేరు రెండూ ఉంటాయి. సొంత భూమి లేని కుటుంబమైతే 1950 కౌలుదారీ చట్టం కింద రాసిన రక్షిత కౌలుదార్ల రిజిస్టర్ అడగండి. ఇంటి జాగాలకైతే రిజిస్ట్రేషన్ శాఖ సైట్‌లో 1983 నుంచి ఈసీ, అంటే ఆ ఆస్తి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరాల కాగితం వస్తుంది.

పాత కాగితాల మీద 1350 అని కనపడితే కంగారు పడకండి, అది ఫసలీ, నిజాం కాలం రెవెన్యూ సంవత్సరం. 590 కలిపితే 1940, అంటే 1940-41 అన్నమాట. నెలలు కూడా ఆజూర్, దై, బహ్మన్ అని ఉంటాయి. అచ్చులో ఉన్న ఉర్దూని గూగుల్ లెన్స్ కొంతవరకు చదువుతుంది. చేతిరాత దగ్గర మాత్రం చేతులెత్తేస్తుంది. ఊళ్లో ఉర్దూ మీడియంలో చదివిన పెద్దమనిషి ఉంటే ఆయన దగ్గరికే వెళ్లండి.

ఆర్కైవ్ డాట్ ఆర్గ్‌లో హైదరాబాద్ సంస్థానం జనగణన పుస్తకాలు దొరుకుతాయి. వాటిలో మనుషుల పేర్లుండవు, ఊళ్ల పరిస్థితి తెలుస్తుంది, అంతే. కరీంనగర్ వాళ్లు 1901 పుస్తకంలో ఎలగందల అని వెతకండి, అప్పటికి జిల్లా పేరు అదే, 1905లో కరీంనగర్ అయింది.

చివరగా యూట్యూబ్. మన దగ్గర వంశం, గోత్రం చెప్పే కులాలే ఉన్నాయి. రెడ్లకు పిచ్చిగుంట్లవాళ్లు, పద్మశాలీలకు కూనపులివాళ్లు, మాదిగలకు డక్కలివాళ్లు. వీళ్లలో చాలామంది చేర్యాల నకాషీలు (పటాల చిత్రకారులు) వేసిన పటం విప్పి కథ చెప్తారు. ఆ వీడియోలు కొన్ని ఉన్నాయి, వినండి. కులపురాణం వరకు వీడియోలో ఉంటుంది. మీ ఊరి కుటుంబాల సంగతులు మాత్రం మీ ఊరికి వచ్చే మనిషి దగ్గరే ఉంటాయి. ఆయన వచ్చినప్పుడు అడిగి రికార్డ్ చేసుకోండి, ఇవ్వాల్సిన కట్నం నిండుగా ఇవ్వండి. మీ ఊరికి ఎవరొస్తారో, ఏ నెలలో వస్తారో కింద రాయండి. దగ్గర్లో ఉంటే కెమెరా పట్టుకుని నేనే వస్తా.