ఎవరిని పిలిచారు, ఎవరిని వదిలేశారు

(ఆదివారం తెలుగు క్లాసు తల్లిదండ్రుల సమావేశంలో చేసిన ప్రసంగం)

అందరికీ నమస్కారం. పిల్లల క్లాసు అయ్యేదాకా ఈ గదిలో కాఫీ తాగుతూ కూర్చోవడం మనకు అలవాటే. ఈ వారం నన్ను మాట్లాడమన్నారు. మా ఇంటికొచ్చిన ఒక ఉత్తరం దగ్గర మొదలుపెడతాను.

మా వాడికి పంతొమ్మిదో ఏట గ్రీన్ కార్డు వచ్చింది. అప్పటిదాకా మా వీసా మీద ఆధారపడే హెచ్-4 మీద ఉన్నాడు. కార్డు వచ్చాక కొన్ని వారాలకు వాడి పేరు మీద సెలెక్టివ్ సర్వీస్ వాళ్ల కవరు వచ్చింది. అవసరమైతే సైన్యానికి పిలవడానికి కుర్రాళ్ల పేర్లు రాసిపెట్టుకునే అమెరికా ప్రభుత్వ సంస్థ అది. నేను పోపు వేస్తున్నాను. వాడు కవరు చించి చదివి, "అమ్మా, నన్ను ఆర్మీలో చేరమంటున్నారా?" అన్నాడు. స్టవ్ కట్టేసి వచ్చి ఇద్దరం మళ్లీ చదివాం. చేరమనడం కాదు, పేరు నమోదు చేసుకోమనడం. ఈ దేశంలో 18 నుంచి 25 ఏళ్ల మధ్య ఉన్న మగపిల్లలు, పౌరులైనా గ్రీన్ కార్డు వాళ్లైనా, ఆ జాబితాలో ఉండాలి. లేకపోతే జైలుశిక్ష, జరిమానా అని చట్టంలో ఉంది. 1980ల తర్వాత ఎవరినీ కోర్టుకు లాగలేదు కానీ, రేపు సిటిజన్‌షిప్‌కి అప్లై చేసేటప్పుడు ఆ ప్రశ్న తప్పకుండా అడుగుతారు.

అప్పుడు మా బావగారి అబ్బాయి మా ఇంట్లోనే ఉండి ఎంఎస్ చేస్తున్నాడు. "పిన్నీ, నాకూ వస్తుందా?" అన్నాడు. ఎఫ్-1, అంటే స్టూడెంట్ వీసా కాబట్టి రాదు. మా అమ్మాయికి అప్పుడు పదహారేళ్లు. "నాకెప్పుడు వస్తుంది?" అంది. ఆడపిల్లలకు రాదు. మగవాళ్లకు మాత్రమే అన్న నియమం చెల్లుతుందని 1981లో సుప్రీంకోర్టు చెప్పింది. ఒకే డైనింగ్ టేబుల్ దగ్గర అన్నం తినే ముగ్గురు పిల్లల్ని చట్టం మూడు రకాలుగా చూసింది. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. అప్పటినుంచే ఈ డ్రాఫ్ట్, అంటే చట్టం పెట్టి జనాన్ని సైన్యంలోకి పిలవడం, దాని చరిత్ర చదువుతున్నాను. చదివేకొద్దీ నా కళ్లు పిలిచినవాళ్ల మీద కంటే వదిలేసినవాళ్ల మీదే నిలిచాయి.

మనకు ఇంటిదగ్గర ఈ అనుభవం లేదు. మనవైపు పటాలంలోకి వెళ్లడమంటే సొంతంగా వెళ్లడమే. పశ్చిమ గోదావరిలో మాధవరం అనే ఊరుంది, మిలటరీ మాధవరం అంటేనే అందరికీ తెలుస్తుంది. తాతల నాటినుంచి ఇంటికొకరు చొప్పున సైన్యంలోకి వెళ్లిన ఊరు. రెండో ప్రపంచ యుద్ధంలో భారత సైన్యం 25 లక్షలకు చేరింది, అదీ డ్రాఫ్ట్ లేకుండానే. ఆకలి, అప్పు ఎంతమందిని తోశాయన్నది వేరే సంగతి. కానీ ఫలానా తేదీకి హాజరు కాకపోతే జైలు అని మన తాతలకు ప్రభుత్వం కాగితం పంపలేదు.

అలాంటి కాగితానికి మూలం ఫ్రాన్స్. బలవంతంగా సైనికుల్ని పట్టుకుపోవడం రాజుల కాలంలోనూ ఉంది. దేశంలో పుట్టినందుకే ప్రతివాడూ సైన్యానికి బాకీ అన్నది మాత్రం 1793 ఆగస్టు 23న ఫ్రెంచి విప్లవ ప్రభుత్వం తెచ్చిన ఆజ్ఞ. అందులో మాటలు చూడండి. యువకులు యుద్ధానికి వెళ్లాలి. పెళ్లయిన మగవాళ్లు ఆయుధాలు చెయ్యాలి, సరుకు చేరవెయ్యాలి. ఆడవాళ్లు గుడారాలు, బట్టలు కుట్టాలి, ఆస్పత్రుల్లో పని చెయ్యాలి. పిల్లలు పాతబట్టల నుంచి గాయాలకు పెట్టే పీచు తియ్యాలి. ముసలివాళ్లు ఊరి కూడలికి వచ్చి సైనికులకు ధైర్యం చెప్పాలి. ఎవరినీ వదల్లేదు. అది చదివినప్పుడు నాకు భయమూ వేసింది, ఒక రకమైన గౌరవమూ కలిగింది. అందరిదీ అన్నప్పుడు నిజంగా అందరినీ లెక్కపెట్టారు. ఆ మాట ఎక్కువకాలం నిలవలేదు. నెపోలియన్ వచ్చేసరికి డబ్బున్నవాడు తన బదులు ఇంకొకణ్ణి కొని పంపే ఏర్పాటు వచ్చేసింది.

అమెరికా అంతర్యుద్ధంలో ఆ ఏర్పాటు బాహాటంగా నడిచింది. దక్షిణాది రాష్ట్రాలు 1862 ఏప్రిల్‌లో డ్రాఫ్ట్ పెట్టాయి. అదే ఏడాది అక్టోబరులో, ఇరవై మంది లేదా అంతకు పైగా బానిసలున్న తోటకు ఒక తెల్లవాణ్ణి వదిలేయొచ్చన్నారు. బానిసలున్నవాడు బానిసత్వం కోసం జరిగే యుద్ధానికి వెళ్లనక్కర్లేదు. ఉత్తరాదిలో 1863 మార్చి చట్టం ఇంకా సూటిగా ఉంది. 300 డాలర్లు కడితే ఆ విడతకు నిన్ను పిలవం. లేదా నీ బదులు మనిషిని పెట్టు. 300 డాలర్లంటే అప్పటి కూలివాడి ఏడాది సంపాదనకు దగ్గర. తర్వాత రెండుసార్లు అధ్యక్షుడైన గ్రోవర్ క్లీవ్‌లాండ్ పోలండ్ నుంచి వలస వచ్చిన ఒకతనికి 150 డాలర్లిచ్చి తన బదులు పంపాడు. చట్టం ఒప్పుకున్న పనే. మొత్తం లెక్కలో డ్రాఫ్ట్ పిలుపుతో తామే వెళ్లినవాళ్లు సుమారు 46 వేలు, డబ్బు తీసుకుని ఇంకొకరి బదులు వెళ్లినవాళ్లు లక్ష దాటారు.

న్యూయార్క్‌లో 1863 జులై 11, శనివారం, చక్రంలో చీటీలు వేసి పేర్లు తీశారు. ఆదివారం ఆ పేర్లు పేపర్లలో వచ్చాయి. సోమవారం ఊరు తగలబడింది. పేద ఐరిష్ కూలీల కోపం మొదట డ్రాఫ్ట్ ఆఫీసు మీద, ఆ తర్వాత నల్లవాళ్ల మీద తిరిగింది. వీళ్ల కోసమే కదా ఈ యుద్ధం అన్నారు. ఫిఫ్త్ అవెన్యూలో నల్లజాతి అనాథ పిల్లల ఆశ్రమం ఉండేది. 230 మందికి పైగా పిల్లలు వెనకదారిన బయటపడ్డారు, భవనం బూడిదైంది. నాలుగు రోజుల్లో సుమారు 120 మంది చనిపోయారు. చట్టం రాసినవాళ్లకు ఏమీ కాలేదు, 300 డాలర్లు కట్టినవాళ్లకు ఏమీ కాలేదు. పేదవాడి కోపం తనకంటే బలహీనుడి మీద పడింది. ఈ పేజీ చదివి నేను చాలాసేపు పుస్తకం మూసేసి కూర్చున్నాను.

మొదటి ప్రపంచ యుద్ధం నాటి 1917 డ్రాఫ్ట్ చట్టం, బదులు మనిషిని పెట్టడాన్ని నిషేధించింది. మంచి మార్పే. కానీ లెక్క ఇంకోవైపు తప్పింది. పంజాబు నుంచి వచ్చిన భగత్ సింగ్ థింద్ 1918లో ఈ దేశ సైన్యంలో చేరి, మంచి పేరుతో బయటికొచ్చాడు. 1923లో సుప్రీంకోర్టు ఆయన తెల్లవాడు కాదు కాబట్టి పౌరసత్వానికి పనికిరాడంది. యుద్ధానికి పనికొచ్చినవాడు ఓటుకు పనికిరాలేదు. మాజీ సైనికుల కోసం 1935లో వేరే చట్టం వచ్చాకే ఆయన పౌరుడయ్యాడు. 1944లో, జపాన్‌తో యుద్ధం వచ్చిందని కుటుంబాలతో సహా ముళ్లకంచెల శిబిరాల్లో పెట్టిన జపనీస్ అమెరికన్ కుర్రాళ్లకు కూడా డ్రాఫ్ట్ కాగితాలు వచ్చాయి. వయోమింగ్‌లోని హార్ట్ మౌంటెన్ శిబిరంలో 63 మంది, ముందు మా అమ్మానాన్నల్ని వదలండి, తర్వాత వస్తాం అన్నారు. వాళ్లను జైలుకు పంపారు. 1947లో అధ్యక్షుడు ట్రూమన్ క్షమాభిక్ష ఇచ్చాడు.

ఇక వియత్నాం యుద్ధం. మన ఆఫీసుల్లో రిటైరైన పెద్దవాళ్లను ఎవర్ని కదిపినా ఈ సంగతి చెబుతారు. కాలేజీలో ఉన్నవాడికి డ్రాఫ్ట్ వాయిదా ఉండేది. ఫీజు కట్టగలిగినవాడు చదువుతూనే ఉండొచ్చు. మరోపక్క 1966 నుంచి, అంతకుముందు సైన్యం పెట్టే పరీక్షలో తప్పి వెనక్కి పంపేసిన కుర్రాళ్లను కూడా ప్రమాణాలు తగ్గించి తీసుకున్నారు. అలా 3 లక్షల మందికి పైగా వెళ్లారు. డ్రాఫ్ట్ వయసుకొచ్చిన మగవాళ్లు సుమారు 2 కోట్ల 70 లక్షలు, అందులో డ్రాఫ్ట్‌లో వెళ్లినవాళ్లు సుమారు 22 లక్షలు. బాక్సర్ మహమ్మద్ అలీ 1967 ఏప్రిల్ 28న హ్యూస్టన్‌లో, సైన్యంలో చేర్చుకునేచోట పేరు పిలిచినా అడుగు ముందుకు వెయ్యలేదు. నాలుగేళ్ల తర్వాత సుప్రీంకోర్టు అందుకు పడిన శిక్ష కొట్టేసింది, కానీ బాక్సర్‌గా మంచి వయసులో మూడేళ్లకు పైగా పోయాయి.

ఇది అన్యాయమని గోల పెరిగాక లాటరీ పెట్టారు. 1969 డిసెంబరు 1 రాత్రి, వాషింగ్టన్‌లో. ఒక పెద్ద గాజు కూజా, అందులో 366 నీలంరంగు ప్లాస్టిక్ గొట్టాలు, ఒక్కో దాంట్లో ఒక్కో పుట్టినరోజు. టీవీల ముందు కుర్రాళ్లు, పక్కన వాళ్ల అమ్మలు. మొదటి చీటీ సెప్టెంబరు 14. ఆఖరిది జూన్ 8. చీటీ ఎన్నోదిగా వస్తే ఆ తేదీన పుట్టినవాళ్లకు అదే నంబరు, చిన్న నంబరు వాళ్లను ముందు పిలుస్తారు. ఆ లాటరీ నుంచి 195వ నంబరు దాకా పిలిచారు. అందులోనూ ఒక తప్పు జరిగింది. గొట్టాలు మొదట నెలల వరసలో ఒక పెట్టెలో వేసి, సరిగ్గా కలపకుండానే కూజాలో పోశారు. చివరి నెలల చీటీలు ముందు చేతికొచ్చాయి. డిసెంబరులో 31 రోజులుంటే 26 రోజులు ఆ 195 లోపే పడ్డాయి. ఎవరూ కావాలని చెయ్యలేదు. ఇంకాస్త సేపు కలిపి ఉంటే కొందరు ఇంటికొచ్చేవాళ్లు, వాళ్ల బదులు ఇంకెవరో వెళ్లేవాళ్లు. తర్వాతి ఏడాది రెండు డ్రమ్ములు పెట్టి, తేదీలు ఒకదాంట్లో, నంబర్లు ఇంకోదాంట్లో తిప్పారు.

ఆ యుద్ధంలో 58 వేలమందికి పైగా అమెరికన్లు చనిపోయారు, వియత్నాం ప్రజలు లక్షల్లో చనిపోయారు. వేలమంది కుర్రాళ్లు కెనడాకు వెళ్లిపోయారు. డ్రాఫ్ట్ ఎగ్గొట్టినవాళ్లను 1977లో అధ్యక్షుడు కార్టర్ క్షమించాడు. పద్దెనిమిదేళ్లకు తుపాకీ ఇస్తే పద్దెనిమిదేళ్లకు ఓటు కూడా ఇవ్వాలన్న వాదన గెలిచింది. 1971లో ఓటు వయసు 21 నుంచి 18కి దిగింది. ఇక్కడి పౌరులైన మన పిల్లలు పద్దెనిమిదేళ్లకే ఓటేస్తే ఆ కుర్రాళ్ల పుణ్యమే. 1973లో డ్రాఫ్ట్ ఆగింది, 1980లో పేర్ల నమోదు మళ్లీ వచ్చింది. మా ఇంటికొచ్చిన కవరు దాని కొనసాగింపే.

మా వాడు నమోదు చేసుకున్నాడు. మూడు నిమిషాల పని. చేశాక 1969 లాటరీ జాబితా తెరిచి వాడి పుట్టినరోజు వెతికాడు. డిసెంబరు 30. మూడో నంబరు. వాడేం మాట్లాడలేదు, లాప్‌టాప్ నావైపు తిప్పాడు.

ఆ జాబితా ప్రింట్లు వెనక బల్లమీద, కాఫీ పక్కన పెట్టాను. వెళ్లేటప్పుడు ఒకటి తీసుకెళ్లి మీ పిల్లలతో కలిసి చూడండి. ఇప్పుడు మీ ప్రశ్నలు అడగండి, వీసా సంగతులు ఉన్నవాళ్లు ముందు అడగండి.