కేసు తేలేలోపు బండి ఎవరి దగ్గరుండాలి?

శ్రోతలకు నమస్కారం.

పోలీస్ స్టేషన్ ప్రహరీ వెంట వరసగా పడి ఉన్న బండ్లను మీరు చూసే ఉంటారు. టైర్లలో గాలి ఉండదు. సీటు చిరిగి స్పాంజ్ బయటికొచ్చి ఉంటుంది. బ్యాటరీ ఎప్పుడో పోయి ఉంటుంది. ఏదో కేసులో సీజ్ చేసిన బండ్లవి. కేసు తేలలేదు. బండిని ప్రభుత్వపరం చెయ్యాలా, యజమానికి ఇచ్చెయ్యాలా, అదీ తేలలేదు. ఈలోగా బండి పాడైపోయింది.

దీని మీద సుప్రీంకోర్టు 2002 అక్టోబర్ 1న ఒక మంచి తీర్పు ఇచ్చింది. గుజరాత్ నుంచి వచ్చిన కేసు. అందులో నిందితులు ఎవరో తెలుసా? పోలీసులు! స్టేషన్‌లో భద్రపరచిన కేసు సొత్తును తీసేసి నకిలీవి పెట్టారని, అక్కడున్న డబ్బు వాడుకున్నారని, అనుమతి లేకుండా వేలం వేశారని, రికార్డులు దిద్దారని వాళ్ల మీద ఆరోపణ. సుప్రీంకోర్టు ఆ ఆరోపణల దగ్గరే ఆగలేదు. అసలు సొత్తు అన్నాళ్లు స్టేషన్‌లో ఎందుకుండాలని ఆలోచించింది. పదిహేను రోజులు, మహా అయితే నెల, అంతకు మించి ఉంచొద్దంది. నగలుంటే వివరంగా పంచనామా రాయండి, ఫొటోలు తియ్యండి, బాండు తీసుకుని ఇచ్చెయ్యండి. బండి అయితే తగిన పూచీకత్తు మీద ఇచ్చెయ్యండి. రేపు విచారణలో సాక్ష్యం కావాలంటే ఆ ఫొటోలు, ఆ పంచనామా చాలు.

నాకు ఈ తీర్పంటే గౌరవం. బండి తుప్పు పడితే నష్టపోయేది యజమాని ఒక్కడే కాదు. చివరికి ప్రభుత్వపరం అయినా సర్కారు చేతికొచ్చేది పాత ఇనుమే కదా.

క్రిమినల్ కేసులు ఎలా నడవాలో చెప్పే కొత్త చట్టం, 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన నాగరిక్ సురక్షా సంహిత కూడా గడువులు పెట్టింది. సొత్తు కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో వివరాల పట్టిక, ఫొటోలు సిద్ధం కావాలి. ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చెయ్యాలో కోర్టు తేల్చాలి.

అయితే ఇక్కడే చాలామంది పొరబడతారు. బండి ఏ చట్టం కింద పట్టుబడిందో చూసుకోకుండా నేరుగా మేజిస్ట్రేటు కోర్టుకు పరిగెడతారు. రేషన్ బియ్యం తరలిస్తుండగా దొరికిందనుకోండి, అది నిత్యావసర సరుకుల చట్టం. అందులోని 6ఎ సెక్షన్ పేరు మీద జనం నోట్లో 6ఎ కేసు. ఆ బండి విడుదల మాట మేజిస్ట్రేటు చేతిలో ఉండదు. చట్టంలోని 6ఇ సెక్షన్ ఆ అధికారం కలెక్టరుకే ఇచ్చి మిగతా కోర్టులకు అడ్డు పెట్టింది. అక్కడ వేసిన పిటిషన్ తిరిగొస్తుంది, రోజులు పోతాయి. అందుకే ముందు సీజర్ కాగితం అడిగి తీసుకోండి, అందులో సెక్షన్ చూడండి. సెక్షన్ చూశాకే లాయరు దగ్గరికెళ్లండి.

బండి ప్రభుత్వపరం కాకూడదంటే కలెక్టరు దగ్గర యజమాని నిరూపించాల్సింది కొంచెం కష్టమే. తనకు తెలియదంటే సరిపోదు. తన ఏజెంటుకు, బండి నడిపినవాడికి కూడా తెలియదని, తగిన జాగ్రత్తలన్నీ తీసుకున్నామని చూపాలి. కిరాయి బండికి ఇంకో దారి కూడా ఉంది. సరుకు మార్కెట్ ధరకు మించని జరిమానా కట్టి బండిని కాపాడుకునే అవకాశం యజమానికి ఇవ్వాలని చట్టమే చెబుతోంది. ఈ సంగతి తెలియక బండి మీద ఆశ వదులుకునేవాళ్లను తలుచుకుంటే బాధేస్తుంది.

అడవి కేసులు వేరు. దుంగలు మోస్తూ పట్టుబడిన వాహనాన్ని మామూలుగా వదలకూడదని, తప్పనిసరై వదిలితే కనీసం బ్యాంకు గ్యారంటీ తీసుకోవాలని 2000లో సుప్రీంకోర్టు చెప్పింది. ఈ కటువుదనం నాకు న్యాయంగానే అనిపిస్తుంది. వదిలిన లారీ మళ్లీ అదే దారి పట్టకూడదు కదా.

ఇంకొక్క మాట. బండి మధ్యంతరంగా చేతికొచ్చిందంటే కేసు గెలిచినట్టు కాదు. అమ్మకూడదు, రంగూ రూపూ మార్చకూడదు, కోర్టు అడిగిన రోజు తెచ్చి చూపాలి. కలెక్టరు ఆఫీసు నుంచి నోటీసొస్తే తీసుకోండి, గడువులోగా రాతపూర్వకంగా జవాబివ్వండి. ఉత్తర్వు మీకు వ్యతిరేకంగా వస్తే, అది అందిన నెలలోపు అప్పీలు చేసుకోవచ్చు. అందుకే ఉత్తర్వు అందిన తేదీ ఆ కాగితం మీదే రాసి పెట్టుకోండి.